మర్ఫీ పేరు పిలిచినప్పుడు

పోయిన నెల పార్సిప్పనీలో, మా ఇంటి దగ్గరి మందుల షాపులో కూర్చుని ఉన్నాను. బయట ఆగకుండా వాన. లోపలికొచ్చినవాళ్ళ కోట్లు తడిసి, హీటర్ వేడికి ఆ ఉన్ని నుంచి ముక్కిపోయిన వాసన ఒకటి లేచి గదంతా పరుచుకుంది. కౌంటర్ వెనక అమ్మాయి ఎవరిదో పేరు పిలిచింది. ఎవరూ లేవలేదు. మళ్ళీ పిలిచింది. కూర్చున్నవాళ్ళమంతా తలలెత్తి ఒకరినొకరు చూసుకున్నాం. ఇంకోసారి పిలిచి, ఆ మందుల సంచీ పక్కన పెట్టేసి తర్వాతి పేరు అందుకుంది. జరిగింది అంతే. కానీ తడి ఉన్ని వాసన, పిలుపు, పిలిచాక ఎవరూ లేవని ఆ కాసేపు. ఆ మూడూ కలిసి నన్ను ఎనభైల మొదట్లోకి తీసుకెళ్ళి మూర్తిగారి పక్క కుర్చీలో కూర్చోబెట్టాయి.

మూర్తిగారు ఎవరో మీకు తెలిసే అవకాశం లేదు. బొబ్బిలి వైపు మనిషి. పూర్తి పేరు సూర్యనారాయణ మూర్తి. ఇంటిపేరుతో కలిపి రాస్తే అమెరికా కాగితాల్లో గళ్ళు చాలేవి కావు, అందుకని ఇక్కడ ఎస్. ఎన్. మూర్తి అయ్యారు. భార్య పెళ్ళయిన కొత్తలోనే పోయింది, మళ్ళీ చేసుకోలేదు. ఈరీ సరస్సు ఒడ్డున ఒక ఉక్కు ఊళ్ళో, కర్మాగారాలకు షెడ్లూ మెట్లూ క్రేన్ దారులూ డిజైన్ చేసే కంపెనీలో డ్రాయింగ్ విభాగానికి పెద్ద. కాకినాడలో ఇంజినీరింగ్ చదువుకుని వచ్చిన నన్ను డెబ్బైల చివర్లో ఆ కంపెనీలో చేర్చుకున్నది ఆయనే. మా ఆయన ప్రకాశ్ అప్పుడు యూనివర్సిటీలో రీసెర్చ్ చేస్తుండేవాడు. ఇంటికి నా జీతమే ఆధారం.

ఆయన దగ్గర పని నేర్చుకోవడం మొదట్లో నాకు నరకంగా ఉండేది. డ్రాయింగ్ తీసుకెళ్ళి ఇస్తే చూసి, ఏమీ అనకుండా తిరిగి నా బల్ల మీద పెట్టేవారు. పెట్టి, ఒక స్టూలు లాక్కుని పక్కన కూర్చునేవారు. ఎక్కడో తప్పుందని అర్థం. ఎక్కడో చెప్పరు. ఒకసారి విసుగొచ్చి, చెప్పేస్తే ఇద్దరికీ పొద్దు కలిసొస్తుంది కదండీ అన్నాను. "నేను చెబితే నేను చూసినట్టవుతుందమ్మా. చూడవలసింది నువ్వు కదా," అన్నారు. ఆ మాటలో వెటకారం లేదు, గొప్పా లేదు. కాఫీ చల్లారిపోతున్నా అలాగే కూర్చున్నారు. చివరికి దొరికింది. మెట్ల పైన అడ్డంగా వెళ్ళే ఒక దూలం. ఎక్కేవాడి తల సరిగ్గా దానికే కొట్టుకుంటుంది.

తర్వాత ఉక్కు వ్యాపారం పడిపోయింది. కొలుములు ఒక్కొక్కటిగా చల్లారాయి, వాటి మీద బతికే మా కంపెనీ కూడా ఒక చలికాలం మూతపడింది. మేమంతా నిరుద్యోగ సహాయం కోసం ప్రభుత్వ ఆఫీసు మెట్లెక్కాం. అదే ఆఫీసు ఉద్యోగాలు కూడా చూపించేది. పేరు నమోదైతే సహాయం, నమోదైతేనే ఉద్యోగానికి పంపడం.

ఆ ఆఫీసు గురించి చెప్పాలి. జనం ఎక్కువైపోయి పాత భవనం చాలక, దివాలా తీసిన ఒక పెద్ద బట్టల దుకాణంలోకి దాన్ని మార్చారు. మేము కూర్చునే హాలు ఒకప్పుడు ఆడవాళ్ళ కోట్లు అమ్మిన చోటు. స్తంభాలన్నిటికీ నిలువుటద్దాలు ఉండేవి, వాటిని తీయలేదు. ఎటు చూసినా మేమే, కోట్లు వేసుకుని, ఒళ్ళో కాగితాలు పట్టుకుని కూర్చున్న మేమే కనబడేవాళ్ళం. ఆగిపోయిన ఎస్కలేటర్ పక్కన తలలు లేని బొమ్మలు కొన్ని ప్లాస్టిక్ కప్పుకుని నిలబడి ఉండేవి. సరస్సు మీంచి వచ్చిన పొగమంచు అద్దాల తలుపుల దాకా వచ్చి ఆగేది. దూరంగా రేవులో, ఓడలకు దారి చెప్పే పొగమంచు హారన్ కాసేపటికొకసారి బొంయ్ మని మూలిగేది. ఆ మూలుగు వచ్చినప్పుడల్లా హాల్లో మాటలు ఆగేవి.

నా ఫైలు తొందరగానే కదిలింది. మూర్తిగారిది కదలలేదు. ఫైలు కనబడటం లేదు అన్నారు. కంపెనీ ఇచ్చిన తొలగింపు కాగితం, జీతం చీటీలు, గ్రీన్ కార్డు నకలు మళ్ళీ ఇమ్మన్నారు, ఇచ్చారు. తర్వాతి వారం అవీ కనబడటం లేదన్నారు. కౌంటర్లో గ్లోరియా అనే ఆవిడ ఉండేది, మంచిదే, అలిసిపోయిన మనిషి. ఒకరోజు ఆయన్ని వింతగా చూసి, "మంగళవారం మీ తరఫున ఎవరో వచ్చి అడిగి వెళ్ళారట కదా," అంది. నా తరఫున వచ్చేవాళ్ళు ఎవరూ లేరని మూర్తిగారు చెప్పారు. ఆవిడ భుజాలెగరేసి, పక్క డెస్కు వాళ్ళు చెప్పారు మరి, అంది. వెనక్కి నడుస్తుంటే అద్దాల్లో ఆయన ముఖం కనబడింది. ఆయన తనను తాను చూసుకోవడం లేదు. తన వెనక ఎవరైనా ఉన్నారేమోనని చూస్తున్నారు.

తొలగింపు కాగితానికి ఇంకో నకలు దొరుకుతుందేమోనని మా పాత కంపెనీకి వెళ్ళాం. కాపలా మనిషి మమ్మల్ని గుర్తుపట్టి లోపలికి వదిలాడు. బల్లలన్నీ వేలంలో పోయాయి. అవి ఉన్నచోటల్లా నేల మీద లేత రంగు గళ్ళు మిగిలాయి. బీరువాలు తెరిచి ఉన్నాయి, లోపల ఏమీ లేదు. మూర్తిగారు తన బల్ల ఉండిన గడిలోకి వెళ్ళి నిలబడ్డారు. సరిగ్గా అప్పుడు, ఆ ఖాళీ హాల్లో ఎక్కడో ఫోన్ మోగింది. వెతికితే కిటికీ కింద నేల మీద ఉంది, తీగ ఇంకా గోడలోకే. ఎంతసేపటికీ ఆగకపోతే ఆయన వంగి రిసీవరు తీశారు.

విన్నారు. "ఆ పేరుతో ఇక్కడ ఎవరూ లేరండీ," అని ఇంగ్లీషులో నెమ్మదిగా చెప్పారు. మళ్ళీ విని, "నేనా? నేను ఊరికే వచ్చాను. ఇక్కడ ఇప్పుడు ఎవరూ లేరు," అన్నారు. అవతల పెట్టేశారు. ఎవరండీ అని అడిగితే, స్టీఫెన్ మర్ఫీ అనే అతను ఇక్కడ పనిచేశాడా అని ఏదో ఆఫీసు నుంచి అడిగారని చెప్పారు. కారెక్కాక కూడా అతని గురించే అనుకున్నారు. "పాపం, అతనికీ ఏదో కాగితం కావాలి కాబోలు. లేడని చెప్పేశాను," అన్నారు.

తర్వాత మేం ఆఫీసుకు వెళ్ళినప్పుడు గ్లోరియా నవ్వుతూ ఎదురొచ్చింది. ఫైలు దొరికిందట. ఎవరో చేతిరాతలో 'టీ' అక్షరాన్ని 'పీ' అనుకుని మూర్తిని మర్ఫీ చేశారు. సోషల్ సెక్యూరిటీ నంబర్లోనూ ఒక అంకె తప్పు పడింది. ఆ తప్పు నంబరుతో స్టీఫెన్ మర్ఫీ అనే ఒక పాత పేరు ఆఫీసు కంప్యూటర్ మిషన్లో ఉంది. మూర్తిగారు ఇన్నాళ్ళూ ఇచ్చిన కాగితాలన్నీ వెళ్ళి ఆ పేరు కింద చేరాయి. "అయితే మీ కంపెనీ వాళ్ళు మాత్రం అలాంటి మనిషి తమ దగ్గర లేడన్నారు," అంది గ్లోరియా, కాగితం చూస్తూ.

"ఆ కంపెనీ వాళ్ళు నేనేనమ్మా," అన్నారు మూర్తిగారు.

గ్లోరియాకు అర్థం కాలేదు. అర్థమయ్యాక కూడా, అది రాయడానికి తన దగ్గర గడి లేదంది. తేలికైన దారి ఒకటి ఉందని చెప్పింది. ఇవాళ పెద్దాఫీసరు మర్ఫీ అని పిలుస్తాడు. లేచి వెళ్ళి సంతకం పెట్టేస్తే సహాయం మొదలవుతుంది, అక్షరం సంగతి తర్వాత చూసుకోవచ్చు. మూర్తిగారికి ఇష్టం లేదు. వెళ్ళండి, ఒక్క అక్షరమే కదా అని నేనే పోరాను. సరేనన్నారు.

కూర్చున్నాం. హారన్ మూలిగి ఆగింది. "స్టీఫెన్ మర్ఫీ," అని పిలిచారు. మూర్తిగారు కుర్చీ చేతుల మీద బరువు వేసి లేచారు. నా ఎదురుగా ఉన్న స్తంభం అద్దంలో, మా వెనక వరసలో, ఆకుపచ్చ కోటు వేసుకున్న ఒక ముసలావిడ కూడా లేచి నిలబడింది.

ఆవిడను అంతకుముందు వారాల్లోనూ చూశాం. ఎప్పుడూ కౌంటరు దగ్గరికి వెళ్ళేది కాదు. చలికి తలదాచుకోవడానికి వస్తుందనుకున్నాం. ఇప్పుడు ఆ ఇద్దరే నిలబడి ఉన్నారు, అద్దాలన్నిటిలోనూ ఆ ఇద్దరే. ఆవిడ కుర్చీల మధ్య నుంచి మెల్లిగా నడిచి మూర్తిగారి ముందుకొచ్చింది. ఆయన ముఖం చూసింది. తర్వాత చేతులు చూసింది, ఆ చేతుల్లో ఏదైనా ఉందా అన్నట్టు. గొంతు తగ్గించి అడిగింది.

"స్టీవ్ పంపాడా మిమ్మల్ని?"

కౌంటర్లో మళ్ళీ ఆ పేరు పిలిచారు. మూర్తిగారు అటు వెళ్ళలేదు. ఆవిడ చెయ్యి పట్టుకుని నెమ్మదిగా కుర్చీలో కూర్చోబెట్టి, పక్కన తనూ కూర్చున్నారు. పిలిచే మనిషి తర్వాతి పేరుకు వెళ్ళిపోయాడు.

ఆ రోజు ఆవిడ మమ్మల్ని ఇంటికి రమ్మంది. నేనే కారు నడిపాను. సరస్సుకు ఆనుకుని ఒక చిన్న చెక్క ఇల్లు. తలుపు పక్కన మగవాళ్ళ బూట్లు ఒక జత ఉన్నాయి, నూనె రాసి మెరుస్తూ, ఇందాకే ఎవరో విప్పినట్టు. వంటింట్లో బల్ల మీద ఆవిడ నాలుగు కప్పులు పెట్టింది. మేం ముగ్గురమే. నాలుగో కప్పులోనూ కాఫీ పోసింది.

కాఫీ తాగుతూ మిసెస్ మర్ఫీ అంతా చెప్పింది. స్టీఫెన్ ఇనుప ఖనిజం మోసే ఓడల్లో పనిచేసేవాడు. చలికాలం సరస్సు గడ్డకట్టి ఓడలు ఆగిపోతే, ప్రతి ఏడూ ఇదే సహాయానికి పేరు నమోదు చేసుకునేవాడు, ఇంటికి ఉత్తరాలు వచ్చేవి. నాలుగేళ్ళ క్రితం నవంబరు తుపానులో ఒక అల ఆయన్ని డెక్కు మీంచి ఎత్తుకుపోయింది. శవం దొరకలేదు. కోర్టువాళ్ళు చనిపోయినట్టే అని కాగితం ఇచ్చారు. ఆవిడ దాన్ని సొరుగులో పెట్టి సొరుగు మూసింది. ఈ చలికాలం మళ్ళీ ఉత్తరం వచ్చింది. స్టీఫెన్ మర్ఫీ గారూ, మీ దరఖాస్తు అందింది, స్వయంగా రండి అని. మంగళవారం వెళ్ళి అడిగింది తనే, పక్క డెస్కు వాళ్ళు ఆ పేరును మూర్తి అని విన్నారు కాబోలు. అవును, ఆయన దరఖాస్తు పెట్టాడు అన్నారు. అప్పటి నుంచి, ఆ పేరు పిలిస్తే ఎవరు లేస్తారో చూడటానికి వస్తోంది.

బయట హారన్ మోగింది. ఆవిడ తల అటు తిప్పి, "ఇలాంటి రోజుల్లో పిలుస్తుంటాడు," అంది మామూలుగా, పక్కింటివాళ్ళ గురించి చెబుతున్నట్టు. తర్వాత మూర్తిగారి వైపు వంగింది. "అక్కడ చలిగా ఉందా?"

నాకు లేచి బయటికి పారిపోవాలనిపించింది. మూర్తిగారు కప్పు కింద పెట్టారు. "నాకు తెలియదమ్మా. నేను అక్కడి నుంచి రాలేదు," అన్నారు. లేచి, ఆవిరి పట్టిన కిటికీ అద్దం మీద వేలితో ఇంగ్లీషులో తన పేరు పెద్దగా రాశారు. పక్కన స్టీఫెన్ పేరూ రాశారు. చెరిగిన గీతల్లోంచి వెనక సరస్సు బూడిదరంగుగా కనబడింది. ఆవిడ కిటికీ దగ్గరికి వెళ్ళి రెండు పేర్లనూ వేలితో తడుముతూ చదివింది. "ఒక్క అక్షరం," అంది. "ఒక్క అక్షరమేనమ్మా," అన్నారాయన. ఆవిడ వచ్చి కూర్చుని, ముట్టని నాలుగో కప్పును సరిగ్గా జరిపింది. "కానీ ఉత్తరం మాత్రం వచ్చింది కదా," అంది.

ఆయన దానికి ఎదురు చెప్పలేదు.

తర్వాతి వారానికి సంగతి ముదిరింది. స్టీఫెన్ మర్ఫీ చనిపోయాడని వేరే ఆఫీసు నుంచి కబురొచ్చి, ఎవరో పోయినవాడి పేరుతో సహాయం అడుగుతున్నారని ఫైలు ఆపేశారు. తను వేరే మనిషినని మూర్తిగారు ఎంత చెప్పినా, రాష్ట్ర రాజధానికి రాసి జవాబు తెప్పించాలి, నెలలు పడుతుంది అన్నారు. చనిపోయినాయన ఇంటివాళ్ళు మరణ ధ్రువీకరణ కాగితం తెచ్చి, ఈయనకీ ఆయనకీ సంబంధం లేదని చెబితే మాత్రం ఆ రోజే రెండు ఫైళ్ళూ విడదీయొచ్చునని గ్లోరియా చెప్పింది. అదే వారం కౌంటీ, అంటే జిల్లా, వంతెనల శాఖలో ఒక ఉద్యోగం వచ్చింది. డ్రాయింగుల అనుభవం ఉన్న డ్రాఫ్ట్‌స్‌మన్ కావాలి. మూర్తిగారి కోసమే పుట్టినట్టున్న ఉద్యోగం. కానీ పేరు లేని మనిషిని పంపడం ఎలా?

ఆవిడను అడిగితే సరిపోతుంది కదా అన్నాను. ఆయన తల అడ్డంగా ఊపారు.

"ఏమని అడగనమ్మా? నా పని కావాలి, మీ ఆయన పోయాడని వచ్చి చెప్పండి అనా?"

"ఆయన పోయి నాలుగేళ్ళయింది కదండీ."

"కాగితంలో పోయాడు. ఆవిడకు ఇంకా పోలేదు." నా మనసులో ఏముందో తెలిసినట్టు, "నువ్వు కూడా వెళ్ళి అడగకు," అన్నారు.

వంతెనల శాఖ ఉద్యోగానికి నన్ను పంపారు. వచ్చింది. మూర్తిగారికి చెప్పడానికి వెళితే, మొదటి రోజు ఏ డ్రాయింగులు చూడమని అడగాలో, ఏ పాత వంతెన గురించి జాగ్రత్తగా ఉండాలో సంతోషంగా చెప్పుకుంటూ పోయారు. నాకు సంతోషం కలగలేదు. కోపం వచ్చింది. ఆయన మీద, ఆవిడ మీద, ఆ హాలు మీద. ఇంత మంచితనం ఎవరికి ఉపయోగం అని ప్రకాశ్ దగ్గర ఏడ్చాను కూడా.

మూర్తిగారు మాత్రం ప్రతి వారం ఆఫీసుకు వెళ్ళేవారు, వెళ్ళకపోతే ఉన్న ఫైలు కూడా మూసేస్తారు కనుక. కారు అమ్మేశారు. వీలైనప్పుడు నేను పూట సెలవు పెట్టి తీసుకెళ్ళేదాన్ని. మిసెస్ మర్ఫీ ఆయన పక్క కుర్చీలోనే కూర్చునేది. ఆవిడ శాండ్‌విచ్‌లు తెచ్చేది, ఆయన పులిహోర తెచ్చేవారు. ఆపేసిన ఫైలే అయినా, మిషన్ తన జాబితాలోంచి ఆ పేరు తీసేయలేదు. ప్రతి వారం పిలుపు వచ్చేది. స్టీఫెన్ మర్ఫీ. తింటున్నది ఆపి ఇద్దరూ వినేవాళ్ళు. ఎవరూ లేచేవాళ్ళు కాదు. స్టీఫెన్ మర్ఫీ. హాలంతా తలలు తిప్పి చూసేది, అద్దాల్లో ఆ తలలన్నీ ఇంకోసారి తిరిగేవి. ఆగిన ఎస్కలేటర్ మీది నుంచి ఎవరైనా దిగివస్తారేమో అన్నట్టు ఆవిడ అటే చూసేది. అప్పుడు తర్వాతి పేరు వచ్చేది. ఆ మధ్యలో ఉండే ఖాళీ నిజానికి ఎంతసేపో చెప్పలేను. నాకైతే ఆ ఖాళీలో నిజంగానే ఎవరో నడిచి వెళ్ళినట్టుండేది.

ఒకసారి ఆయన అపార్ట్‌మెంటుకు వెళితే, హీటరు తగ్గించుకుని ఇంట్లోనే కోటు వేసుకుని కూర్చుని ఉన్నారు. చిక్కిపోయారు. మాటల మధ్యలో ఉన్నట్టుండి, "మొన్న పొద్దున్న గడ్డం గీసుకుంటుంటే ఎవరో మర్ఫీ అని పిలిచినట్టయిందమ్మా. ఆఁ అన్నాను," అన్నారు. నవ్వబోయి నవ్వలేదు. "నా పేరు ఎవరూ పిలవడం లేదు కదా, చెవికి అదే అలవాటైపోతోంది. ఇంకొన్నాళ్ళు పోతే లేచి నిలబడతానేమో." ఆయన భయపడటం నేను చూసింది అదొక్కసారే. అయినా, ఆవిడను అడుగుతాననలేదు.

చలికాలం చివర్లో ఒక రోజు గ్లోరియా కౌంటరు దాటి మా దగ్గరికే వచ్చింది. ఈ నెలాఖరుకు ఫైలు విచారణవాళ్ళకు వెళ్ళిపోతుందని, ఆ తర్వాత తను ఏమీ చేయలేనని, ఆ కాగితం ఒక్కటి దొరికితే చాలని మూర్తిగారికి చెప్పింది. ఏ కాగితమో కూడా చెప్పింది. పక్కన కూర్చున్నావిడే మిసెస్ మర్ఫీ అని గ్లోరియాకు తెలియదు. మూర్తిగారు ఆపబోయారు, ఆలస్యమైపోయింది. మిసెస్ మర్ఫీ తన శాండ్‌విచ్‌ను మళ్ళీ కాగితంలో చుట్టుకుని, లేచి వెళ్ళిపోయింది.

మరుసటి వారం ఆవిడ కుర్చీ ఖాళీగా ఉంది. పిలుపు వచ్చింది. అదే పేరు. ఎవరూ లేవలేదు. రెండోసారి పిలిచేసరికి అద్దాల తలుపు తెరుచుకుని, తన వెనకే కాస్త పొగమంచు కూడా లోపలికి రాగా, ఆవిడ వచ్చింది. ఎక్కడా ఆగలేదు. మేమున్న వరస దాటి, ఇన్ని వారాల్లో మొదటిసారి, నేరుగా కౌంటరు దాకా నడిచింది. చేతిసంచీలోంచి మడత పెట్టిన కాగితం తీసి గ్లోరియా ముందు పెట్టి, మడత విప్పింది.

"స్టీఫెన్ మర్ఫీ నా భర్త. ఆయన రాడు," అంది. హాల్లో అందరికీ వినబడింది. "సరస్సులో చనిపోయాడు. ఇంక పిలవకండి."

ఆవిడ వెనక్కి తిరిగి మూర్తిగారిని చూపించింది. "ఆయన వేరే మనిషి. ఆయన పేరు నేను చెబుతాను, రాసుకోండి." ఒక్కో అక్షరం చెప్పింది. 'టీ' దగ్గర ఆగి, ఆ అక్షరం ఇంకోసారి చెప్పింది. గ్లోరియా టైపు చేస్తున్న చప్పుడు తప్ప ఇంకేం వినబడలేదు. మూర్తిగారు తల వంచుకుని కూర్చున్నారు. కళ్ళు తుడుచుకోవడం అద్దంలో చూశాను. కాసేపటికి కౌంటర్లోంచి ఎస్. ఎన్. మూర్తి అని పిలిచారు. ఆయన లేచారు. ఒక్కరే.

ఆవిడను ఇంటి దగ్గర దింపడానికి వెళ్ళినప్పుడు హారన్ ఇంకా మోగుతూనే ఉంది. కారు దిగి, గేటు పట్టుకుని ఆవిడ విన్నది. "ఇవాళ అది హారనే," అంది. లోపలికి వెళ్ళిపోయింది. ఆ సాయంత్రం ఫోన్ చేసి, బూట్లు ఎవరికైనా ఇవ్వగలరా అని మూర్తిగారిని అడిగిందట.

ఆగిన సహాయం వచ్చింది. ఎండాకాలం నాటికి, అగ్నిప్రమాదంలో దిగే ఇనుప మెట్లు చేసే ఒక చిన్న షాపులో మూర్తిగారికి పని దొరికింది. పాత ఉద్యోగంతో పోలిస్తే చిన్నదే, ఇష్టంగానే చేశారు. ఆదివారాలు మిసెస్ మర్ఫీ ఇంట్లో భోజనం. మరుసటి చలికాలం స్టీఫెన్ పేరుతో ఇంకో ఉత్తరం వచ్చింది, మిషన్ ఎందుకు పంపిందో ఎవరూ చెప్పలేకపోయారు. ఆవిడ దాన్ని తెరవకుండా తెచ్చి మూర్తిగారికి ఇచ్చింది. ఇద్దరూ నడిచి వెళ్ళి, ఈ మనిషి ఇక్కడ లేడని రాసి పోస్టు డబ్బాలో వేసి వచ్చారు.

ఎనభైల చివర్లో మూర్తిగారికి ఊపిరితిత్తుల జబ్బు చేసింది. ఆసుపత్రిలో ఒక మధ్యాహ్నం, ఎన్నాళ్ళుగానో అడగాలనుకున్నది అడిగాను. ఆవిడ రాకపోయి ఉంటే ఏం చేసేవారని. ఆలోచించారు. "తెలియదమ్మా. జైలుకు పంపేవారేమో," అని నవ్వారు. తర్వాత నవ్వు ఆపి, "నాకు ఇంకో ఉద్యోగం దొరుకుతుంది. ఆ మాట మొదటిసారి అనే రోజు ఆవిడకు ఒక్కటే కదా. అది నేను లాక్కుంటే ఎలా?" అన్నారు. కొద్ది రోజులకే పోయారు. చివరి పనులన్నీ నేనూ మిసెస్ మర్ఫీ కలిసి చూసుకున్నాం.

ఏళ్ళకేళ్ళుగా తెగకుండా సాగుతున్న ప్రకాశ్ రీసెర్చ్ ఆ ఏడాదే ఆగిపోయింది. నాకు చెప్పలేదు. అతని గదిలోని పుస్తకాలు తీసుకెళ్ళమని డిపార్ట్‌మెంట్ నుంచి ఫోన్ వస్తే నేనే తీశాను. ప్రకాశ్ మాత్రం రోజూ పొద్దున్నే సంచీ భుజాన వేసుకుని బయల్దేరేవాడు, సాయంత్రం వచ్చి ల్యాబ్ సంగతులు చెప్పేవాడు. అంతకుముందు నేనైతే ఆ ఫోన్ వచ్చిన పూటే నిలదీసేదాన్ని. నాలుక చివరి దాకా వచ్చేది. మింగేసి, డబ్బాలో అన్నం సర్ది ఇచ్చేదాన్ని. ఎదురుచూడటం ఇంత కష్టమైన పని అని నాకప్పుడు తెలిసింది. ఇప్పటికీ అంతే కష్టం. ఇప్పటికీ, ఎదుటి మనిషి గొంతులో ఆగిన మాట ఏమిటో నాకు తెలిసినా దాన్ని నేను అందించను. పక్కన కూర్చుంటాను.

ఒక శనివారం సరుకులకు వెళ్ళాం. దుకాణం ముందు కారు ఆపి, ఇంజను ఆపి, ప్రకాశ్ దిగలేదు. నేనూ దిగలేదు. మంచు పడుతోంది, అద్దాలు మూసుకుపోయాయి.

"వసూ, నేను యూనివర్సిటీకి వెళ్ళడం లేదు," అన్నాడు.

తెలుసు అనలేదు. ఊఁ అన్నాను. అతను చాలాసేపు మాట్లాడాడు. ఆ రోజు ఏమీ కొనకుండానే ఇంటికి వచ్చేశాం.